టీచర్ల బదిలీ కేసులు: కోర్టు దేన్ని చూస్తుంది, దేన్ని చూడదు

బదిలీ ఆర్డర్ పట్టుకుని లాయర్ దగ్గరికి వెళ్లిన టీచర్ ముందుగా చెప్పుకునేది తన కష్టం. అత్తమ్మకు డయాలసిస్, కొడుకు పదో తరగతి, భర్త ఇంకో జిల్లాలో ఉద్యోగం, కొత్త బడికి పోవాలంటే రెండు బస్సులు మారాలి. అంతా విన్నాక లాయర్ అడిగేది ఒక్కటే: "ఏ రూల్ తప్పింది మేడం?" చాలామంది దగ్గర ఈ ప్రశ్నకు జవాబు ఉండదు. వాళ్లకు అన్యాయం జరగలేదని కాదు. జరిగిన అన్యాయాన్ని ఏ రూల్ కింద చూపించాలో ఎవరూ వాళ్లకు చెప్పలేదు.

తెలంగాణలో హనుమకొండ, ములుగు, భూపాలపల్లి, మహబూబాబాద్ వైపు టీచర్లు కొన్నేళ్లుగా ఈ టెన్షన్‌లోనే బతుకుతున్నారు. షెడ్యూల్ వస్తుంది, ఆప్షన్లు పెట్టుకుంటారు, లిస్ట్ వస్తుంది, ఎవరో కోర్టుకు పోతారు, స్టే వస్తుంది. కేసు వేసినవాళ్లను తిట్టేవాళ్లున్నారు, వేయనందుకు బాధపడేవాళ్లూ ఉన్నారు. ఏ కేసు నిలుస్తుందో, ఏది మొదటి రోజే పోతుందో తెలిస్తే ఈ గందరగోళం సగం తగ్గుతుంది.

బదిలీ ఉద్యోగంలో భాగమేనన్నది సుప్రీంకోర్టు దశాబ్దాలుగా చెబుతున్న మాట. ఫలానా ఊళ్లోనే పనిచేస్తాననే హక్కు ఉద్యోగికి లేదు. 1991లో శిల్పీ బోస్ కేసులో వచ్చిన తీర్పును దేశమంతా ఇప్పటికీ ఉటంకిస్తారు. అది కూడా టీచర్ల కేసే. బిహార్‌లో కొందరు ప్రైమరీ టీచరమ్మలను, వాళ్లు అడిగిన మీదట, భర్తలు పనిచేసే చోట్లకు మార్చారు. దానివల్ల స్థానం పోయినవాళ్లు హైకోర్టుకు వెళ్లి ఆ బదిలీలను కొట్టేయించారు. సుప్రీంకోర్టు హైకోర్టు తీర్పును పక్కన పెట్టి బదిలీలను నిలబెట్టింది. తప్పనిసరిగా పాటించాల్సిన చట్టబద్ధ నిబంధనను ఉల్లంఘిస్తేనో, దురుద్దేశం ఉంటేనో తప్ప కోర్టులు బదిలీల్లో వేలు పెట్టకూడదని చెప్పింది. ఆఫీసు మార్గదర్శకాలను మాత్రమే ఉల్లంఘించి ఉంటే, బాధితులు శాఖలోని పై అధికారికి మొర పెట్టుకోవాలంది.

ఈ తీర్పులో మన టీచర్లకు పనికొచ్చే తేడా ఒకటుంది. రాష్ట్రంలో చాలా శాఖల్లో బదిలీలు మార్గదర్శకాల మీదే నడుస్తాయి. ఏటా ఒక సర్క్యులర్ వస్తుంది, దాన్ని తప్పారని కోర్టుకు పోయినా పెద్దగా ఫలితం ఉండదు. టీచర్ల సంగతి అలా కాదు. వాళ్లకు బదిలీల నియంత్రణ నిబంధనలు పేరుతో జీవో ద్వారా రూల్స్ ఉన్నాయి. పాయింట్లు ఎలా వేయాలి, ఎన్నేళ్లకు తప్పనిసరిగా కదలాలి, ఏ ఖాళీ చూపించాలి, ఎవరికి ముందు అవకాశం ఇవ్వాలి, అన్నీ వాటిలో రాసి ఉంటాయి. ఆ రూల్‌ను జిల్లా విద్యాధికారి (డీఈవో) ఆఫీసు తప్పితే అది మొర పెట్టుకుని ఊరుకునే విషయం కాదు, కోర్టు వినాల్సిన విషయం. టీచర్ల కేసుల్లో కొన్నైనా నిలబడటానికి కారణం ఇదే. సీనియారిటీ తేదీ తప్పు పడటం, బడి ఉన్న ప్రాంతం కేటగిరీ తప్పు వేసి పాయింట్లు తగ్గించడం, ఉన్న ఖాళీని వెబ్‌లో చూపించకుండా తర్వాత ఇంకొకరికి ఇవ్వడం, ఇలాంటివి కాగితం మీద నిరూపించగలిగిన తప్పులు. కోర్టు ముందు వీటికున్న బలం ఇంటి కష్టాలకు ఉండదు.

ఇంకో రెండు దారులున్నాయి. బదిలీ చేసిన అధికారికి అసలు ఆ అధికారమే లేకపోతే ఆర్డర్ నిలవదు. దురుద్దేశం కూడా ఒక దారే, కానీ మనవాళ్లు తేలిగ్గా వాడేసి ఓడిపోయేది ఇక్కడే. ఫలానా ఆఫీసర్ కక్ష కట్టాడని అఫిడవిట్‌లో ఒక వాక్యం రాస్తే సరిపోదు. 1974 నాటి రాయప్ప కేసు నుంచీ సుప్రీంకోర్టు చెబుతున్నది, ఆ నిందను నిరూపించే భారం వేసినవాళ్ల మీదే చాలా బరువుగా ఉంటుందని. ఆ అధికారిని పేరుతో ప్రతివాదిగా చేర్చాలి, ఏ తేదీన ఏం జరిగిందో చూపించాలి. నిరూపించగలిగితే మాత్రం ఫలితం ఉంటుంది. 2009లో సోమేశ్ తివారీ కేసు చూడండి. ఒక కేంద్ర ఎక్సైజ్ అధికారి మీద ఆకాశరామన్న ఉత్తరం వచ్చింది, విచారణలో ఏమీ తేలలేదు, అయినా దూరానికి బదిలీ చేశారు. శిక్షకు బదులుగా బదిలీని వాడటం చట్టం దృష్టిలో దురుద్దేశమేనని సుప్రీంకోర్టు ఆ ఆర్డర్‌ను కొట్టేసింది. ఫిర్యాదు మీద విచారణ పూర్తి చేయకుండా 'పరిపాలనా కారణాలు' అని రాసి టీచర్‌ను కదిలించిన సందర్భాల్లో ఈ తీర్పు పనికొస్తుంది.

కేడర్ అనే ముడి

వరంగల్ వైపు బదిలీ గొడవలు ఇంత చిక్కుపడటానికి అసలు కారణం బదిలీ రూల్స్‌లో లేదు. దానికంటే కింద, స్థానిక కేడర్‌లో ఉంది. దీన్ని కాస్త ఓపికగా చూడాలి.

1973లో 32వ సవరణతో రాజ్యాంగంలోకి, ఉద్యోగాల్లో స్థానికులకు న్యాయం కోసం, 371డి అధికరణం వచ్చింది. దాని కింద 1975లో రాష్ట్రపతి ఉత్తర్వులు వచ్చాయి. ఉద్యోగాలను జిల్లా, జోన్ స్థాయిల్లో స్థానిక కేడర్లుగా విడగొట్టారు. ఆదిలాబాద్, కరీంనగర్, వరంగల్, ఖమ్మం కలిపి ఐదో జోన్. ఒక కేడర్‌లో చేరిన ఉద్యోగి బదిలీ కూడా మామూలుగా ఆ కేడర్ లోపలే జరగాలి. బయటికి పంపాలంటే ఆ ఉత్తర్వుల్లోనే కొన్ని మినహాయింపులున్నాయి. తగిన మనిషి అక్కడ దొరకనప్పుడో, ప్రజా ప్రయోజనం కోసమో, లేదంటే ఇద్దరు పరస్పరం మారతామన్నప్పుడో పంపొచ్చు. పరస్పర బదిలీలో వెళ్లినవాళ్లకు కొత్త కేడర్‌లో సీనియారిటీ మారిన తేదీ నుంచే మొదలవుతుంది. 'మ్యూచువల్ దొరికింది' అని సంబరపడి, తర్వాత ప్రమోషన్ లిస్టులో తన పేరు ఎక్కడో కింద చూసుకుని కుమిలిపోయినవాళ్లు ప్రతి మండలంలో ఉంటారు.

ఈ కేడర్లను రాష్ట్ర ప్రభుత్వం తన సౌకర్యం కోసం సొంతంగా కోసుకోలేదు. 1990లో ఎస్. ప్రకాశరావు కేసులో వాణిజ్య పన్నుల శాఖ విషయంలో సుప్రీంకోర్టు తేల్చింది ఇదే. ఐదో జోన్ లోపల పరిపాలన కోసం కొత్త డివిజన్ పెట్టుకోవచ్చు, అంతమాత్రాన అది వేరే స్థానిక కేడర్ అయిపోదు, రాష్ట్రపతి ఉత్తర్వుల ప్రకారమే కేడర్ ఏర్పడాలి అని. అంటే జిల్లాల గీతలు మార్చినంత తేలిగ్గా ఉద్యోగుల గీతలు మారవు.

2016 అక్టోబరు 11న జిల్లాల గీతలు మారాయి. 10 జిల్లాలు 31 అయ్యాయి, 2019 ఫిబ్రవరిలో ములుగు, నారాయణపేటతో 33 అయ్యాయి. ఉమ్మడి వరంగల్ ఇప్పుడు ప్రధానంగా 6 జిల్లాలు: హనుమకొండ, వరంగల్, జనగామ, మహబూబాబాద్, భూపాలపల్లి, ములుగు. చేర్యాల వైపు కొంత సిద్దిపేటకు పోయింది. కరీంనగర్ నుంచి కమలాపూర్, ఎల్కతుర్తి, భీమదేవరపల్లి ఇటు వచ్చాయి. ఊళ్లు మారాయి కానీ టీచర్ల కేడర్ పాత జిల్లాల మీదే ఉండిపోయింది. అందుకే 2018 ఆగస్టు 30న 124వ నంబరు జీవోతో కొత్త రాష్ట్రపతి ఉత్తర్వులు వచ్చాయి. 7 జోన్లు, వాటిని కలిపి 2 మల్టీజోన్లు ఏర్పడ్డాయి.

ఇక్కడ ఉమ్మడి వరంగల్‌కు జరిగింది చూడండి. హనుమకొండ, వరంగల్, మహబూబాబాద్ భద్రాద్రి జోన్‌లో పడ్డాయి. భూపాలపల్లి, ములుగు కాళేశ్వరం జోన్‌లోకి పోయాయి. జనగామ యాదాద్రి జోన్‌లో చేరింది, అంటే ఏకంగా రెండో మల్టీజోన్‌లో. నిన్నటిదాకా ఒకే జిల్లా పరిషత్ కింద, ఒకే సీనియారిటీ లిస్టులో ఉన్న టీచర్లు మూడు జోన్లలో, రెండు మల్టీజోన్లలో తేలారు. ఎస్జీటీ (ప్రైమరీ టీచర్), స్కూల్ అసిస్టెంట్ పోస్టులు జిల్లా కేడర్ కాబట్టి వాళ్లకు జిల్లానే ప్రపంచం. గెజిటెడ్ హెడ్మాస్టర్ మల్టీజోన్ పోస్టు. అందుకే కాజీపేట నుంచి రైలెక్కితే గంటలో దిగే జనగామలో ఖాళీ ఉన్నా, హనుమకొండలో ప్రమోషన్ కోసం ఎదురుచూసే స్కూల్ అసిస్టెంట్‌కు అది రాదు. అతనికి ఆదిలాబాద్ మూలన ఉన్న బడి రావచ్చు.

ఈ కొత్త కేడర్లలోకి ఉన్న ఉద్యోగులను పంచడానికి 2021 డిసెంబరు 6న వచ్చిందే 317 జీవో. దాన్ని చాలామంది బదిలీల జీవో అనుకుంటారు. అది బదిలీ కాదు, శాశ్వత కేటాయింపు. బదిలీ అయితే కొన్నేళ్లకు తిరిగి రావచ్చు, కేటాయింపు అయితే మిగతా సర్వీసంతా ఆ జిల్లాలోనే. ఉమ్మడి జిల్లా సీనియారిటీ లిస్టు పెట్టుకుని ఆప్షన్లు అడిగారు. సీనియర్లకు కోరుకున్న జిల్లా దొరికింది, పట్నం ఉన్న జిల్లాలు వాళ్లతో నిండాయి. జూనియర్లు మిగిలిన చోటికి పోయారు. స్థానికత చూడలేదు. హనుమకొండలో పుట్టి, అక్కడే చదివి, అక్కడి ఓటరుగా ఉన్న మనిషి కూడా సర్వీసు తక్కువైతే ములుగుకో భూపాలపల్లికో శాశ్వతంగా చెందిపోయారు. స్థానికులకు న్యాయం కోసమే పుట్టిన 371డి కింద, స్థానికత అన్న మాటే లేని పంపకం జరగడం నా దృష్టిలో ఈ మొత్తం కథలో అతి పెద్ద తప్పు.

దాని దెబ్బ టీచర్లతో ఆగలేదు. పోస్టులన్నీ బయటి జూనియర్లతో నిండిన జిల్లాలో ఇక పాతికేళ్ల దాకా రిటైర్మెంట్లు తక్కువే. అక్కడి గిరిజన పిల్లలు రేపు బీఈడీ చేసి వస్తే సొంత జిల్లాలో ఖాళీ ఏది? 317 మీద గొడవలో ఈ ప్రశ్న ఎవరికీ సరిగ్గా వినిపించలేదు.

భార్యాభర్తల కేసుల్లో పరిస్థితి ఇంకా ఘోరం. హనుమకొండ, కరీంనగర్ లాంటి 13 జిల్లాలను స్పౌజ్ దరఖాస్తులకు బ్లాక్ చేశారు. ఒకరు ఒక జిల్లాలో, ఇంకొకరు ఇంకో జిల్లాలో, పిల్లలు ఎవరో ఒకరి దగ్గర. 2022 జనవరిలో చలిలో ధర్నాలు జరిగాయి, హైకోర్టులో పెద్ద సంఖ్యలో రిట్లు పడ్డాయి. కోర్టు మొత్తం ప్రక్రియను ఆపలేదు. కేటాయింపులు తుది తీర్పుకు లోబడి ఉంటాయని చెప్పింది. ఈ మాటను చాలామంది గెలుపు అనుకున్నారు. 'లోబడి ఉంటాయి' అంటే ఈలోగా మీరు వెళ్లి చేరాల్సిందే, తీర్పు వచ్చాక మీ పక్షాన ఉంటే అప్పుడు చూద్దాం అని. ఏళ్లు గడిచేకొద్దీ కొత్త చోట్ల ప్రమోషన్లు, బదిలీలు, కొత్త నియామకాలు జరిగిపోతాయి. వాటన్నిటినీ వెనక్కి తిప్పమని ఏ కోర్టూ తేలిగ్గా చెప్పదు. 2024లో ప్రభుత్వం మంత్రివర్గ ఉపసంఘం వేసింది, ఆ ఏడాది చివర్లో స్పౌజ్, మెడికల్, మ్యూచువల్ కారణాల మీద కొంత సడలింపు ఇచ్చింది. స్థానికత ప్రశ్న మాత్రం అలాగే మిగిలింది.

ఒక స్టే, ఆరు నెలలు

2023 జనవరి 25న 5వ నంబరు జీవోతో టీచర్ల బదిలీల నిబంధనలు వచ్చాయి. టీచర్ 8 ఏళ్లు, హెడ్మాస్టర్ 5 ఏళ్లు ఒకేచోట ఉంటే కదలాల్సిందే. సర్వీసుకు, మారుమూల ప్రాంతంలో పనిచేసినందుకు పాయింట్లు. భార్యాభర్తలిద్దరూ ఉద్యోగులైతే 10 పాయింట్లు అదనం, గుర్తింపు సంఘాల నాయకులకు మరో 10. దరఖాస్తులు మొదలయ్యేసరికే కేసులు పడ్డాయి. 317లో జిల్లా మారినవాళ్లకు కొత్త చోట బదిలీ అడగడానికి సర్వీసు సరిపోలేదు. కోర్టు జోక్యం తర్వాతే వాళ్లకూ దరఖాస్తు చేసుకునే వీలు దొరికింది. ఫిబ్రవరి 14న మొత్తం ప్రక్రియ మీదే స్టే వచ్చింది.

స్టేకు దారితీసిన వాదనల్లో ఒకటి చాలామందికి వింతగా అనిపించింది. విద్యాచట్టం కింద చేసిన నిబంధనలను శాసనసభ ముందు పెట్టలేదన్నది ఆ వాదన. ఇదేదో సాంకేతిక సాకు అనుకున్నవాళ్లు ఉన్నారు. సాకు కాదు. వేలమంది జీవితాలను కదిలించే రూల్‌ను ఆఫీసు గదిలో రాసి వదిలేయకుండా, ప్రజాప్రతినిధులు చూసి అవసరమైతే మార్చే వీలు ఉండాలన్నదే ఆ షరతు ఉద్దేశం. ప్రభుత్వం ఆ పని ముందే చేసి ఉంటే ఆరు నెలలు పోయేవి కావు. ఆగస్టులో సభ ముందు పెట్టారు. ఆగస్టు 30న హైకోర్టు స్టే సవరించి బదిలీలకు దారి ఇచ్చింది. దంపతులు ఒకచోట ఉండాలన్న ఉద్దేశంతో ఇచ్చే పాయింట్లను ఆపలేదు, సంఘ నాయకుల 10 పాయింట్లను మాత్రం అనుమతించలేదు. సెప్టెంబరులో ప్రక్రియ కదిలింది. ఈసారి ప్రమోషన్ల మీద కేసులు, సీనియారిటీ గొడవలు, టెట్ (టీచర్ అర్హత పరీక్ష) ఉండాలా వద్దా అన్న వివాదం, పైన అసెంబ్లీ ఎన్నికల కోడ్. మిగిలింది 2024 జూన్, జూలైలో గానీ పూర్తి కాలేదు.

ఆ కేసులో నాన్ స్పౌజ్ టీచర్ల, అంటే దంపతుల పాయింట్లు రానివాళ్ల, వాదనను న్యాయంగా చూడాలి. వాళ్లను మనసు లేనివాళ్లుగా చిత్రించడం నాకు నచ్చలేదు. తాడ్వాయి అడవి పక్క బడిలో ఏళ్ల తరబడి పనిచేసిన ఒంటరి మహిళో, భార్య గృహిణిగా ఉన్న టీచరో కష్టపడి కూడబెట్టుకున్న పాయింట్లను, పట్నానికి దగ్గరలో పనిచేసిన ఒకరు పెళ్లి సర్టిఫికెట్‌తో దాటిపోతే అది సమానత్వమా? ఇంట్లో ఒకే జీతం ఉన్న కుటుంబానికి రెండు జీతాల కుటుంబం కంటే తక్కువ అవకాశమా? ఈ ప్రశ్నలకు బలం ఉంది. ఇంకోవైపు, భార్యాభర్తలు చెరో మూల పనిచేస్తే ముందు ఉద్యోగం వదులుకునేది, సెలవు పెట్టేది దాదాపు ఎప్పుడూ ఆడమనిషే.

సుప్రీంకోర్టు ఈ రెంటి మధ్య నడిచిన దారి తెలుసుకోవాలి. 1993లో అబ్బాస్ కేసులో షిల్లాంగ్‌లో పనిచేసే ఒక కేంద్ర ఉద్యోగి, తన భార్య ఉద్యోగం కూడా అక్కడే ఉందని బదిలీని ప్రశ్నించాడు. దంపతులను వీలైనంతవరకు ఒకచోట ఉంచాలన్న మార్గదర్శకం ఉన్నా, అది కోర్టు ద్వారా సాధించుకునే హక్కు కాదని తీర్పు వచ్చింది. 2022 మార్చిలో నౌసాద్ రహమాన్ కేసులో కూడా బదిలీలను పరిమితం చేసిన సర్క్యులర్‌ను కోర్టు నిలబెట్టింది. కానీ కుటుంబ జీవితం వ్యక్తి గౌరవంతో ముడిపడినదనీ, దంపతులు, వికలాంగులు, కారుణ్య కేసుల విషయంలో విధానాన్ని మళ్లీ చూడమనీ ప్రభుత్వానికి చెప్పింది. ఈ రెండు తీర్పులూ కలిపి చదివితే మనకు తేలేది ఇది: స్పౌజ్ కారణం మీద పోస్టింగ్ ఇప్పించమని కోర్టును అడగలేం. రూల్‌లో స్పౌజ్ పాయింట్లు ఉండి, అర్హత ఉన్నా వేయకపోతే మాత్రం అడగగలం.

నా మటుకు స్పౌజ్ పాయింట్లు ఉండాలి. అయితే ఒకరు వాడుకున్నాక ఇంకొకరు వాడకుండా సర్వీస్ బుక్‌లో ఎక్కించడం, ఇద్దరి బడుల మధ్య దూరం నిజంగా తగ్గుతోందా చూడటం గట్టిగా జరగాలి. దంపతుల కోటాలో హనుమకొండ పక్కకు వచ్చి, ఆ తర్వాత ఇద్దరూ వేర్వేరు దిక్కుల బడులకు పోయే పరిస్థితి ఉంటే ఆ పాయింట్లకు అర్థం లేదు.

కోర్టుకు వెళ్లే ముందు

అసలు యుద్ధం జరగాల్సింది ఆర్డర్ వచ్చాక కాదు, తాత్కాలిక లిస్టు పెట్టిన రోజుల్లో. సీనియారిటీ లిస్టు, పాయింట్ల లిస్టు, ఖాళీల లిస్టు డీఈవో ఆఫీసు పెడుతుంది, అభ్యంతరాలకు కొద్ది రోజులే ఇస్తుంది. అప్పుడు మన లిస్టు ఒక్కటే చూసుకుంటే చాలదు. మన పైన ఉన్న నలుగురి పాయింట్లు, వాళ్ల కేటగిరీ, బ్లాక్ అయిన ఖాళీలు చూసి, తప్పు కనిపిస్తే రాతపూర్వకంగా ఇచ్చి రసీదు తీసుకోవాలి. ఆ రసీదు లేకపోతే కోర్టులో మొదటి ప్రశ్నే 'అప్పుడెందుకు అడగలేదు' అని వస్తుంది. ఆప్షన్లు పెట్టిన స్క్రీన్, ఫ్రీజ్ చేసిన కాపీ, సర్వీస్ బుక్ జిరాక్స్, అన్నీ దాచుకోవాలి. సైట్ మూసేశాక ఆ వివరాలు దొరకవు.

ఒకప్పుడు సర్వీసు వివాదాలు పరిపాలనా ట్రిబ్యునల్‌కు పోయేవి. 2016లో తెలంగాణ దాని పరిధిలోంచి బయటికొచ్చింది. ఇప్పుడు ఎస్జీటీ అయినా హెడ్మాస్టర్ అయినా నేరుగా హైకోర్టులో 226 అధికరణం కింద రిట్ వేయాలి. ఏటూరునాగారంలో పనిచేసే టీచర్‌కు అది ఖర్చుతో కూడిన పని. అందుకే పదిమంది కలిసి ఒకే కేసు వేస్తుంటారు. ఒక్కొక్కరి పాయింట్ల తప్పు వేర్వేరు అయినప్పుడు ఇలా కలిపితే బలమైన కేసు కూడా బలహీనమైన వాటితో పాటే పోతుంది. రూల్‌నే ప్రశ్నిస్తే కలిసి వేయొచ్చు, తప్పు లెక్కను ప్రశ్నిస్తే విడిగా వేయడం మంచిది. మీకు రావాల్సిన బడి ఇంకొకరికి ఇచ్చారని అంటే ఆ ఇంకొకరిని ప్రతివాదిగా చేర్చాలి. స్టాఫ్ రూమ్‌లో రోజూ ఎదురుపడే మనిషి కాబట్టి మొహమాటపడి చాలామంది చేర్చరు. అతని మాట వినకుండా అతని పోస్టు తీసేయమని ఏ జడ్జీ చెప్పరు, కేసు అక్కడే ఆగిపోతుంది.

చాలా రిట్లు మొదటి విచారణలోనే ఒక చిన్న ఆర్డర్‌తో ముగుస్తాయి: పిటిషనర్ వినతిని ఇన్ని వారాల్లో పరిశీలించండి అని. దాన్ని చూసి గెలిచామని మిఠాయిలు పంచుకోవద్దు. పరిశీలించమంటే ఒప్పుకోమని కాదు. 2006లో ఏపీఎస్‌ఆర్‌టీసీ, జి. శ్రీనివాసరెడ్డి కేసులో సుప్రీంకోర్టు దీన్నే వివరంగా చెప్పింది. అధికారి మనసు పెట్టి చూసి, కారణాలు రాసి, కాదనొచ్చు. అప్పుడు ఆ కారణాల మీద మళ్లీ కేసు. ఈలోగా విద్యా సంవత్సరం సగం అయిపోతుంది. పాత విషయాన్ని వినతితో బతికించుకోవడం కూడా కుదరదు. ఏళ్ల తర్వాత వినతి పెట్టి, దానికొచ్చిన జవాబును పట్టుకుని కొత్తగా కేసు మొదలెట్టలేరని 2008లో సి. జాకబ్ కేసు చెప్పింది.

అన్నిటికంటే ప్రమాదకరమైన సలహా ఒకటి తిరుగుతూ ఉంటుంది: కేసు వేశాం కదా, జాయిన్ కావద్దు అని. స్టే చేతిలో లేనంతవరకు కేసు నంబరు ఏ రక్షణా ఇవ్వదు. 1989లో పోషానీ కేసులో గుజరాత్ విద్యుత్ బోర్డు ఉద్యోగి బదిలీ చోట చేరకుండా వినతులు పెట్టుకుంటూ కూర్చున్నాడు, ఉద్యోగం పోయింది, సుప్రీంకోర్టు దాన్ని సమర్థించింది. రిలీవ్ అయ్యారంటే వెళ్లి చేరండి. అభ్యంతరం ఉందని రాసి చేరండి. చేరినంత మాత్రాన కేసు పోదు. చేరకపోతే మాత్రం జీతం, సర్వీసు రెండూ చిక్కుల్లో పడతాయి.

దీనికి పూర్తిగా ఎదురు సమస్య ఏజెన్సీలో, అంటే గిరిజన ప్రాంతాల్లో, కనిపిస్తుంది. బదిలీ ఆర్డర్ ఉంటుంది, రిలీవ్ చేయరు. ఏకోపాధ్యాయ బడి, ప్రత్యామ్నాయం వస్తేనే వదలాలన్న షరతు. ఆ షరతు పెట్టినవాళ్ల ఉద్దేశం మంచిదే. వాజేడు, కన్నాయిగూడెం, తాడ్వాయి మండలాల్లో ఒక టీచర్ కదిలితే బడికి తాళం పడుతుంది. విద్యాహక్కు చట్టం ప్రైమరీలో 30 మంది పిల్లలకో టీచర్ ఉండాలంటుంది, ఒక్కరూ లేని బడికి ఆ నిష్పత్తి ఏం పనికొస్తుంది? కానీ ప్రత్యామ్నాయం ఎప్పటికీ రాకపోతే, తన వంతు ఏజెన్సీ సర్వీసు చేసేసిన మనిషిని ఇంకెన్నాళ్లు కట్టేస్తారు? ఆ టీచర్ కోర్టుకు పోతే కేసు బలంగానే ఉంటుంది, ఎందుకంటే ఆర్డర్ ఇచ్చింది ప్రభుత్వమే. గెలిస్తే మాత్రం ఓడేది రెండో తరగతి చదివే కోయ పిల్లలు. బదిలీ కేసుల్లో పిల్లలు ఎప్పుడూ పిటిషనర్లు కారు, ప్రతివాదులూ కారు. స్టేల మధ్య జూన్ నుంచి నవంబరు దాకా సగం మంది టీచర్లు సంచీ సర్దుకుని కూర్చున్న ఏడాది వాళ్లు ఏం నేర్చుకున్నారో కోర్టుకిచ్చే ఏ జవాబులోనూ రాయరు.

ఈ చిక్కుకు తాళం ప్రభుత్వం చేతిలోనే ఉంది. ప్రతిసారీ కొత్త జీవో, కొత్త పాయింట్లు, చివరి నిమిషంలో సవరణలు, మధ్యలో సెక్రటేరియట్ నుంచి నేరుగా వచ్చే పైరవీ బదిలీలు, ఇవి ఉన్నంతకాలం కేసులు ఆగవు. కర్ణాటక 2007లోనే టీచర్ల బదిలీలకు చట్టం చేసుకుంది, 2020లో దాన్ని మార్చి రాసుకుంది. ఆంధ్రప్రదేశ్ శాసనసభ 2025 మార్చిలో టీచర్ల బదిలీల నియంత్రణ చట్టం తెచ్చింది. తెలంగాణలో కూడా సభలో చర్చించి చేసిన చట్టం కావాలి. అందులో బదిలీలు ఏటా వేసవి సెలవుల్లోనే పూర్తి కావాలి. ఖాళీల లిస్టు ఏడాది పొడవునా అందరికీ కనిపించాలి. అభ్యంతరం తోసేస్తే కారణం రాతలో ఇవ్వాలి, దాని మీద అప్పీలు వినడానికి వరంగల్ స్థాయిలోనే ఒక వేదిక ఉండాలి, పదిహేను రోజుల్లో తేల్చాలి. ఏజెన్సీ బడిలో నిర్ణీత కాలం పూర్తిచేసిన టీచర్‌ను రిలీవ్ చేసే బాధ్యత, అక్కడికి ఇంకొకరిని పంపే బాధ్యత ఒకే అధికారి మీద, ఒకే తేదీతో పెట్టాలి. 317లో స్థానికత కోల్పోయినవాళ్లకు, ఖాళీలు ఏర్పడేకొద్దీ సొంత జిల్లాకు తిరిగి వచ్చే వరుస ఒకటి తయారు చేసి అందులో చేర్చాలి. వాళ్లలో చాలామందికి ఇంకా ఇరవై ఏళ్ల సర్వీసు మిగిలే ఉంది.